కోటి మంది ఉన్న స్వీడన్‌కి సొంత యుద్ధవిమానం ఎలా గిట్టుబాటవుతుంది?

పత్తిలెక్కలు (గుంటూరు)

అందరికీ నమస్కారం. ముందే చెప్పేస్తాను, ఆయుధాల గురించి నాకు ఏమీ తెలియదు. గుంటూరు దగ్గర పత్తిగింజల మిల్లులో 18 ఏళ్లుగా అకౌంట్లు రాస్తున్నాను. గింజకి అంటుకుని మిగిలిన నూగు తీసి లింటర్ బేళ్లు కడతాం, గింజని నూనెకి పంపుతాం. కొత్త మెషిను ఒకటి కొనాలంటే రోజుకి ఎన్ని టన్నులు ఆడితే బ్యాంకు వడ్డీ తీరుతుంది, సీజన్ అయిపోయాక అది ఖాళీగా కూర్చుంటే ఎవరు భరించాలి అని మా ఓనరూ నేనూ నెల రోజులు కొట్టుకుంటాం.

అలాంటి బుర్రలోకి ఈ మధ్య ఒక వార్త దూరింది. పోలండ్ వాళ్లు మూడు సబ్‌మెరైన్ల కోసం స్వీడన్ కంపెనీ సాబ్‌ని ఎంచుకున్నారట. అదే కంపెనీ గ్రిపెన్ అనే యుద్ధవిమానం కూడా చేస్తుందట. స్వీడన్ జనాభా ఎంతని చూస్తే కోటీ ఆరు లక్షలు! మన హైదరాబాద్‌లో అంతమంది ఉంటారు. అంత చిన్న దేశం విమానం, సబ్‌మెరైన్, ఫిరంగి అన్నీ సొంతంగా చేసుకుంటుంటే 140 కోట్ల మనం తేజస్‌కి ఇంజన్ అమెరికా నుంచి తెచ్చుకుంటున్నాం.

నా డౌటు దేశభక్తి డౌటు కాదు, లెడ్జర్ డౌటు. కొత్త గ్రిపెన్‌లు వాళ్ల సొంత వైమానిక దళం ఆర్డర్ ఇచ్చింది 60. డిజైన్ ఖర్చంతా ఆ అరవై మీదే వేస్తే ఒక్కో విమానం ధర ఆకాశానికి అంటదా? ఆర్డర్లు లేని ఏళ్లలో ఆ ఇంజనీర్ల జీతాలు ఏ పద్దులో రాస్తారు? లాభమా, నష్టమా, లేక నష్టాన్నే వేరే పేరుతో రాసుకుంటున్నారా?

ఇంకొకటి. మనకి ఫిరంగులు అమ్మిన బోఫోర్స్ కూడా స్వీడనే కదా. మా నాన్న ఎన్టీఆర్ వీరాభిమాని. 1989లో నేషనల్ ఫ్రంట్ ఛైర్మన్‌గా ఆయన ఊరూరా బోఫోర్స్ గురించి మాట్లాడితే, ఢిల్లీలో కాంగ్రెస్ దిగిపోయింది గానీ మన దగ్గర మాత్రం ఆయనే ఓడిపోయారు. ఆ బాధ మా ఇంట్లో ఇప్పటికీ ఉంది. ఆ బోఫోర్స్ ఇంకా బతికే ఉందా?

మంచులో_మిరపకాయ (కార్ల్స్‌కూగా, స్వీడన్)

అన్నా, మాది చిలకలూరిపేట. ఇక్కడికి లిన్‌షోపింగ్‌లో ఎమ్మెస్ చేయడానికి వచ్చాను (రాసేది లింకోపింగ్ అని, పలికితే ఎవరికీ అర్థం కాదు). తర్వాత కార్ల్స్‌కూగాలో ఒక సబ్‌కాంట్రాక్టరు దగ్గర ప్రొడక్షన్ ప్లానర్‌గా చేరాను. ఏ కంపెనీ, ఏ పార్టు అనేవి చెప్పను, చెప్పకూడదు కూడా. పేపర్లో వచ్చినవి, ఊళ్లో అందరికీ తెలిసినవి చెబుతాను.

ముందు నాన్నగారి ప్రశ్న. బతికే ఉంది. నేనుండే ఊరే బోఫోర్స్ ఊరు. 1646లో ఇనుము కొట్టే కొలిమిగా మొదలైంది, 1894లో ఆల్ఫ్రెడ్ నోబెల్ కొన్నాడు. బహుమతుల నోబెలే. ఆయన వీలునామా నడిచింది కూడా ఈ ఊరి కోర్టులోనే. ఉద్యోగం వచ్చిందని ఇంటికి ఫోన్ చేసినప్పుడు మా నాన్న ఫోన్‌లో కాసేపు ఏమీ మాట్లాడలేదు. తర్వాత, "ఆ బోఫోర్సేనా? జాగ్రత్త, ఎక్కడా సంతకాలు పెట్టకు" అన్నాడు.

1986 మార్చిలో మన దేశం 410 హోవిట్జర్ ఫిరంగులు, దాదాపు 1,437 కోట్ల రూపాయలకు ఆర్డర్ ఇచ్చింది. 1987 ఏప్రిల్‌లో స్వీడిష్ రేడియో ముడుపుల కథ బయటపెట్టింది. మనకి అది కుంభకోణం. ఈ ఊళ్లో ముసలివాళ్లకి అది క్యాలెండర్. మా క్యాంటీన్‌లో ఒక రిటైర్డ్ మెషినిస్టు అప్పుడప్పుడు వచ్చి కాఫీ తాగి వెళ్తాడు. "ఇండియా ఆర్డర్‌కి ముందు ఇల్లు కొన్నాను", "ఇండియా ఆర్డర్ అయిపోయాక మా తమ్ముడి ఉద్యోగం పోయింది" అంటాడు. మనం తుఫాను ముందు, తుఫాను తర్వాత అన్నట్టు.

మీ జవాబు ఆయన మాటలోనే ఉంది. మీరు విమానం ధర గురించి అడిగారు గానీ, చిన్న దేశానికి అసలు ఖర్చు ఒక ఆర్డర్‌కీ ఇంకో ఆర్డర్‌కీ మధ్య ఖాళీ. మీ సీజన్ అయిపోయాక మెషిను కూర్చున్నట్టే. కాకపోతే మీ మెషినుకి గోనెపట్టా కప్పి తాళం వేయొచ్చు. రాడార్ ఇంజనీరుకి గోనెపట్టా కప్పలేం. రెండేళ్లు పని లేకపోతే టెలికం కంపెనీకి వెళ్లిపోతాడు, మళ్లీ రాడు.

ఇప్పుడు లెక్క. డిజైన్ ఖర్చు వంద అనుకోండి. అమెరికా ఎఫ్-16లు 4,500కి పైగా తయారయ్యాయి, వాటి మీద పంచితే ఒక్కో విమానానికి పైసలే పడతాయి. స్వీడన్ 1970లలో చేసిన విగ్గెన్ యుద్ధవిమానాలు మొత్తం 329. ఎగుమతి సున్నా. ఆ భారం మొత్తం స్వీడన్ పన్నుల మీదే పడింది. 1960ల మొదట్లో వాళ్లు జాతీయ ఆదాయంలో సుమారు నాలుగు శాతం రక్షణకే పెట్టేవాళ్లు. మాకు ఏ కూటమీ లేదు, యుద్ధం వస్తే విడిభాగాలు ఎవరూ ఇవ్వరు, కాబట్టి ఎంతైనా భరిస్తాం అన్న లెక్క అది. మీ పద్దుల్లో అయితే దాన్ని నష్టం కింద కాదు, ఇన్సూరెన్స్ ప్రీమియం కింద రాయాలి.

విగ్గెన్ ఎందుకు అమ్ముడుపోలేదన్న దానిలో మనమూ ఉన్నాం. 1970ల చివర్లో మన వైమానిక దళం కొనదామని చూసిన వాటిలో విగ్గెన్ ఒకటి. దాని ఇంజన్ స్వీడన్‌లోనే తయారైనా మూల డిజైన్ అమెరికా ప్రాట్ అండ్ విట్నీది. 1978లో అమెరికా కుదరదంది. మనం జాగ్వార్ కొన్నాం. మీరు తేజస్ ఇంజన్ గురించి బాధపడ్డారు కదా, గ్రిపెన్‌దీ అదే కథ. పాత గ్రిపెన్‌లో అమెరికా జీఈ కంపెనీ ఎఫ్404 ఆధారంగా చేసిన ఇంజన్, కొత్త గ్రిపెన్-ఈలో ఎఫ్414. మన తేజస్ మార్క్-1కి ఎఫ్404, మార్క్-2కి ఎఫ్414. తాళంచెవి ఇద్దరిదీ ఒకే ఇంట్లో ఉంది.

అది ఒక్కటే కాదు. గ్రిపెన్-ఈలో రాడార్ ఇటలీ కంపెనీ లియొనార్డోది, సీటు బ్రిటన్ మార్టిన్-బేకర్‌ది, ఫిరంగి జర్మనీ మౌజర్‌ది. మరి స్వీడన్‌ది ఏమిటి? ఆకారం, ఫ్లైట్ కంట్రోల్, ఎలక్ట్రానిక్ వార్‌ఫేర్, విమానాలు ఒకదానితో ఒకటి మాట్లాడుకునే డేటా లింక్, వీటన్నిటినీ కలిపి కుట్టడం. దర్జీ బట్ట నేయడు, గుండీలు చేయడు, అయినా చొక్కా ఆయనదే. నాకు తెలిసి చిన్న దేశం చేయగల తెలివైన పని ఇదే: ఏది వదిలేయాలో ముందు తేల్చుకోవడం. ఒకప్పుడు సొంత ట్యాంకు చేసిన వీళ్లు ఇప్పుడు జర్మనీ లెపర్డ్ వాడుతున్నారు. కొత్త రైఫిళ్లకి ఫిన్‌లాండ్ సాకో దగ్గరికి వెళ్లారు. యుద్ధవిమానం, సబ్‌మెరైన్ లాంటి కొన్నిటిని మాత్రం దేశ భద్రతకి కీలకం అని ప్రభుత్వమే ప్రకటించి పట్టుకుని కూర్చుంది.

ఖాళీ ఏళ్లలో జీతాలు ఎవరిస్తారంటే, చివరికి ప్రభుత్వమే. ఊరికే ఇవ్వదు. రక్షణ సామగ్రి కొనే ఎఫ్‌ఎమ్‌వీ అనే సంస్థ ఉంది, అది ఒక అధ్యయనం, ఒక అప్‌గ్రేడ్, ఒక మరమ్మతు అని ఏదో ఒకటి ఆర్డర్ ఇస్తూ ఉంటుంది. పాత గ్రిపెన్-ఏలు కొన్నిటిని విప్పి తర్వాతి రకం గ్రిపెన్-సీలుగా మార్చి కట్టారు. వైమానిక దళానికి అవసరమేనా అంటే అవసరమే. లిన్‌షోపింగ్‌లో చేతులు చల్లబడకుండా ఉండడం కూడా అంతే అవసరం.

మిగిలిన దారి ఎగుమతి. అక్కడ నిజం కొంచెం చేదు. దక్షిణాఫ్రికా 26, థాయిలాండ్ 12 కొన్నాయి, చెక్, హంగరీ చెరో 14 లీజుకి తీసుకున్నాయి, బ్రెజిల్ 36కి సంతకం పెట్టింది. 2014లో స్విట్జర్లాండ్ 22 కొనబోతే అక్కడి జనం రెఫరెండంలో 53.4 శాతంతో వద్దన్నారు. మన 126 విమానాల పోటీలో కూడా 2011లో గ్రిపెన్‌ని పక్కన పెట్టాం. నార్వే, డెన్మార్క్, ఫిన్‌లాండ్ ముగ్గురూ ఎఫ్-35 కొన్నారు. ఎదురింటివాడు, పక్కింటివాడు, వెనకింటివాడు ఎవరూ కొనలేదన్నమాట! విమానం బాగోలేక కాదు. యుద్ధవిమానం కొనడమంటే పెళ్లి సంబంధం లాంటిది, పిల్లవాడితో పాటు వాళ్ల ఇంటిపేరు చూస్తారు. అమెరికా ఇంటిపేరుతో స్వీడన్ పోటీ పడలేదు.

అందుకే స్వీడన్ కట్నం ఇస్తుంది. బ్రెజిల్ ఒప్పందంలో విమానాలతో పాటు పని కూడా ఇచ్చారు. వాళ్ల ఇంజనీర్లు లిన్‌షోపింగ్ వచ్చి నేర్చుకుని వెళ్లారు. గవియావ్ పెషోతు అనే ఊళ్లో వాళ్ల విమానాల కంపెనీ ఎంబ్రాయర్ ఫ్యాక్టరీలోనే కొన్ని విమానాలు బిగిస్తున్నారు. నేను చదువుకునే రోజుల్లో మా అపార్ట్‌మెంట్ లాండ్రీ రూమ్‌లో బ్రెజిల్ కుటుంబాలు కనిపించేవి, చలికి మాకంటే ఎక్కువ వణికేవాళ్లు. ఆ ఆర్డర్ వల్ల స్వీడన్‌కి మిగిలే లాభంలో ముక్క తగ్గింది, కానీ డిజైన్ భారం మోసే భుజాలు పెరిగాయి.

మొత్తం మీద సాబ్ కంపెనీ లాభాల్లోనే ఉంది. 2024లో అమ్మకాలు దాదాపు 6,380 కోట్ల క్రోనర్లు. క్రోనా 9 రూపాయలనుకుంటే 57 వేల కోట్ల పైమాటే. అందులో సగానికి పైగా విదేశాలదే. కార్ల సాబ్ దివాలా తీసింది కదా అని ఎవరైనా అడుగుతారేమో, ఆ కార్ల కంపెనీ ఎప్పుడో విడిపోయి 2011లో మూతపడింది, దీనికీ దానికీ పేరే చుట్టరికం.

పాతఫిట్టర్ (హైదరాబాద్)

తమ్ముడు బాగా చెప్పాడు. నేను హైదరాబాద్‌లో ఒక రక్షణ ఫ్యాక్టరీలో 31 ఏళ్లు పనిచేసి రిటైరయ్యాను. ఆ ఖాళీ గురించి నా అనుభవం రెండు ముక్కలు.

మా షాపులో ఒక పార్టుకి లోపలి బోరు ఫినిషింగ్ చేసే పెద్దాయన ఒకాయన ఉండేవాడు. గేజి పెట్టకముందే చెయ్యి పెట్టి "ఇంకో రెండు మైక్రాన్లు" అనేవాడు. ఆర్డర్ అయిపోయింది. నాలుగేళ్లు ఆ లైను ఖాళీ. మమ్మల్ని తలా ఒక చోటుకి వేశారు. మన దగ్గర జీతం ఆగదు కాబట్టి ఎవరూ ఇబ్బంది పడలేదు, ఫ్యాక్టరీ కూడా నష్టం అని ఎక్కడా రాయలేదు. ఈలోగా ఆయన రిటైరయ్యాడు. మళ్లీ ఆర్డర్ వచ్చినప్పుడు డ్రాయింగ్ ఉంది, మెషిను ఉంది, మెటల్ ఉంది. మొదటి మూడు నెలలు తీసిన పార్టుల్లో ఎక్కువ భాగం ఇన్‌స్పెక్షన్‌లో పోయాయి. చివరికి స్కూటర్ వేసుకుని ఆయన ఇంటికి వెళ్లి బతిమాలి తీసుకొచ్చాం. ఆయనకి గేటు పాసు రాయించడానికే పదకొండు రోజులు పట్టింది.

స్వీడన్‌లో ఖాళీ వస్తే మనిషి వెళ్లిపోతాడు. మన దగ్గర మనిషి ఉంటాడు, పని మర్చిపోతాడు. ఏది ఎక్కువ ఖరీదో గుంటూరు అకౌంటెంటు గారే చెప్పాలి.

బోఫోర్స్ మాట వచ్చింది కాబట్టి ఇదీ చెప్పాలి. ఆ ఒప్పందంలో తుపాకులతో పాటు తయారీ పరిజ్ఞానం కాగితాలు కూడా మనకి వచ్చాయి. రాజకీయం గొడవతో ఎవరూ వాటిని ముట్టుకోలేదు. కార్గిల్‌లో ఆ తుపాకులే పనికొచ్చాయని అందరికీ తెలుసు. పాతికేళ్ల తర్వాత ఆ కాగితాలు తీసి, జబల్పూర్‌లో ధనుష్ చేశారు. 155 మిల్లీమీటర్లే, గొట్టం పొడుగు పెంచారు. 2019లో 114కి ఆర్డర్ ఇచ్చారు. డబ్బిచ్చి కొన్న చదువుని పాతికేళ్లు బీరువాలో పెట్టుకున్నాం, దానికి వడ్డీ ఎంతయిందో ఎవరైనా కట్టారా?

తమ్ముడూ, ఒక సందేహం. మీ ఊళ్లో బోఫోర్స్ ఇప్పటికీ స్వీడన్ వాళ్ల చేతిలోనే ఉందా?

మంచులో_మిరపకాయ

లేదు బాబాయ్ గారూ. ఫిరంగుల భాగం బ్రిటన్ బీఏఈ సిస్టమ్స్‌ది. మధ్యలో ఒక అమెరికా కంపెనీ చేతిలో కూడా ఉండి వచ్చింది. మిస్సైళ్లు, భుజం మీద పెట్టి పేల్చే కార్ల్-గుస్తాఫ్ సాబ్‌వి. గుండ్లు చేసే నామో సగం నార్వే ప్రభుత్వానిది, మిగతా సగం ఒక ఫిన్‌లాండ్ కంపెనీది. తుపాకిమందు చేసే యురెంకో ఫ్రాన్స్‌ది. అంతా పాత బోఫోర్స్ స్థలంలోనే, పక్కపక్కనే. ప్రచ్ఛన్న యుద్ధం అయ్యాక ఆర్డర్లు ఎండిపోయినప్పుడు ముక్కలు చేసి అమ్మేశారు. పనులు మాత్రం ఊళ్లోనే ఉన్నాయి, టెస్ట్ రేంజిలో పేలిస్తే మా వంటింట్లో గిన్నెలు ఇప్పటికీ మోగుతాయి. ఆర్డర్ తీసుకోవాలా వద్దా, ఎక్కడ పెట్టుబడి పెట్టాలి అన్న నిర్ణయాలు వేరే దేశాల్లో జరుగుతాయి.

కార్ల్-గుస్తాఫ్‌ని మన సైన్యం 1976 నుంచి వాడుతోంది. ఇప్పుడు హర్యానాలో ఝజ్జర్ దగ్గర సాబ్ సొంతంగా ఫ్యాక్టరీ పెడుతోంది, నూటికి నూరు శాతం వాళ్ల పెట్టుబడితోనే.

మాల్మో_మేఘన

యాజమాన్యం గురించి మాట్లాడుతున్నారు కాబట్టి నేను మధ్యలో వస్తున్నా. మా ఊరి కథ లేకుండా ఈ చర్చ పూర్తి కాదు. పోలండ్ సబ్‌మెరైన్ చేయబోయే సాబ్ విభాగం కాకుమ్స్ అసలు మాల్మోది. పెద్ద షిప్‌యార్డ్. ఓడల పని పోయాక అక్కడి 138 మీటర్ల క్రేన్‌ని 2002లో కొరియా హ్యుందాయ్‌కి ఒక్క డాలరుకి అమ్మారు. విప్పి తీసుకెళ్లే ఖర్చు వాళ్లదే. అది వెళ్లిపోతుంటే ఒడ్డున నిలబడి జనం ఏడ్చారని మా ఇంటి ఓనరమ్మ ఇప్పటికీ చెబుతుంది.

సబ్‌మెరైన్ల భాగాన్ని 1999లో జర్మనీ షిప్‌యార్డ్ కంపెనీ హెచ్‌డీడబ్ల్యూకి ఇచ్చేశారు. తర్వాత అది ఇంకో జర్మనీ కంపెనీ టిస్సెన్‌క్రుప్ చేతికి వెళ్లింది. యూరప్‌లో ఒక్కో దేశానికి ఒక్కో సబ్‌మెరైన్ కంపెనీ ఎందుకు, కలిపేస్తే చవక కదా అని. కాగితం మీద చాలా బాగుంది. జర్మనీ వాళ్లకి సొంత సబ్‌మెరైన్ ఉంది, ప్రపంచమంతా అమ్ముడుపోతోంది. తమ సరుకుతోనే పోటీ పడే స్వీడన్ సబ్‌మెరైన్‌ని వాళ్లెందుకు పెంచుతారు? చిన్న దేశం తన కంపెనీని పెద్ద దేశానికి అమ్మితే జరిగేది అదే. సవతి తల్లి దగ్గర పెట్టినట్టు.

2014 ఏప్రిల్‌లో గొడవ ముదిరింది. యార్డ్‌లో ఉన్న తమ రహస్య పరికరాలు తీసుకెళ్లడానికి స్వీడన్ ప్రభుత్వం సాయుధ సైనికులతో ట్రక్కు పంపింది. కంపెనీ వాళ్లు గేట్లు వేసేశారు. సొంత దేశంలోని ఫ్యాక్టరీ గేటు ముందు సొంత సైన్యం నిలబడింది! సాబ్ ఈలోగా అక్కడి ఇంజనీర్లని తనవైపు లాక్కుంది. ఇంజనీర్లు పోయాక కంపెనీలో ఏముంటుంది, షెడ్లు. ఆ జులైలో సాబ్ దాన్ని 34 కోట్ల క్రోనర్లకి కొనేసింది.

ఇప్పుడు మిరపకాయ గారి "ఖాళీ" సూత్రం ఇక్కడ చూడండి. స్వీడన్ చివరిగా కొత్త సబ్‌మెరైన్లు కట్టింది 1990లలో, గోట్‌లాండ్ తరగతి. అందులో ఒకదాన్ని 2005లో అమెరికా నేవీ సిబ్బందితో సహా అద్దెకి తీసుకుంది, విన్యాసాల్లో అది వాళ్ల విమానవాహక నౌకకే దొరక్కుండా దగ్గరికి వెళ్లి హడలెత్తించింది. అంత మంచి సరుకు. కానీ తర్వాతి ఏ26కి ఆర్డర్ వచ్చింది 2015లో. మధ్యలో దాదాపు 20 ఏళ్లు. ఫలితం: 2022లో అందాల్సిన మొదటి నౌక ఇప్పుడు 2031 అంటున్నారు, ధర కూడా బాగా పెరిగింది. పోలండ్ ఆర్డర్‌కి ఇక్కడ అంత సంబరం ఎందుకంటే, ఆ ఆలస్యం భారం ఇకనైనా ఇంకొకరు పంచుకుంటారని.

మిరపకాయ గారితో ఒక్క చోట నేను ఏకీభవించను. ఇన్సూరెన్స్ ప్రీమియం అన్నారు. ఎగుమతితో ఆ ప్రీమియం తగ్గించుకుంటారని అన్నారు. ఎవరికి ఎగుమతి? 2012లో స్వీడిష్ రేడియోనే మళ్లీ ఒక సంగతి బయటపెట్టింది. సౌదీ అరేబియాలో ఆయుధ ఫ్యాక్టరీ కట్టడానికి స్వీడన్ ప్రభుత్వ సంస్థ రహస్యంగా సాయం చేస్తోందని. రక్షణ మంత్రి స్టెన్ టోల్గ్‌ఫోర్స్ రాజీనామా చేశారు. 2018లో చట్టం మార్చి, కొనే దేశంలో ప్రజాస్వామ్యం ఎలా ఉందో చూడాలన్నారు. "చూడాలి" అన్నారు, "అమ్మకూడదు" అనలేదు. శాంతి బహుమతి ఇచ్చిన మనిషి ఊళ్లో కూర్చుని మీకు ఇది తెలియకుండా ఉండదు. ఈ ఖర్చు ఏ పద్దులో రాస్తారో కూడా చెప్పండి.

మంచులో_మిరపకాయ

మేఘన గారూ, నా దగ్గర మంచి జవాబు లేదు. ఇంటికి వెళ్లి అమ్మతో వీడియో కాల్‌లో మాట్లాడేటప్పుడు నేను చేసే పని గురించి "మెషిన్ పార్ట్స్" అనే చెబుతాను. అబద్ధం కాదు, నిజమూ కాదు. ఒక్కటి మాత్రం చూశాను: సొంత ప్రభుత్వం నుంచి ఆర్డర్లు తగ్గినప్పుడే ఎవరికైనా అమ్మేద్దామన్న తొందర పుడుతుంది. 2010లలో రక్షణ ఖర్చు జాతీయ ఆదాయంలో ఒక శాతం దగ్గరికి పడిపోయింది. సౌదీ కథ బయటపడింది ఆ రోజుల్లోనే.

ఇప్పుడు పరిస్థితి తలకిందులైంది. 2024లో నాటోలో చేరారు, 2030కల్లా 3.5 శాతానికి తీసుకెళ్తామని 30 వేల కోట్ల క్రోనర్ల దాకా అప్పు చేయడానికి సిద్ధపడ్డారు. 2025 అక్టోబర్‌లో ఉక్రెయిన్ అధ్యక్షుడు జెలెన్‌స్కీ లిన్‌షోపింగ్ వచ్చి 100 నుంచి 150 గ్రిపెన్‌లు కావాలన్న కాగితం మీద సంతకం పెట్టారు. అది ఇష్టాన్ని చెప్పే కాగితమే, డబ్బు ఎక్కడిదో తేలాలి. 2024 చివరికే సాబ్ దగ్గర దాదాపు 18,700 కోట్ల క్రోనర్ల ఆర్డర్లు ఉన్నాయి. అంటే ఆ ఏడాది అమ్మకాలతో చూస్తే మూడేళ్ల పని.

మా లాంటి చిన్న సప్లయర్లకి ఇది పండగా టెన్షనా అంటే రెండూ. పోయిన శీతాకాలం పెద్ద కస్టమర్ ఒకరు వచ్చి మీ కెపాసిటీ రెట్టింపు చేయమన్నారు. మా ఓనరు (ఇక్కడి మనిషే, వాళ్ల నాన్న కూడా బోఫోర్స్‌లో చేశాడు) కాఫీ పోసి ఒకే మాట అడిగాడు: "ఎన్నేళ్లకి రాసిస్తారు?" వాళ్లు రెండేళ్లు అన్నారు. కొత్త సీఎన్‌సీ మెషిను రావడానికే ఏడాది, దాని మీద మనిషి తయారవడానికి ఇంకో ఏడాది. ఆయన మెషిను కొనలేదు, మూడో షిఫ్టు పెట్టాడు. టీవీలో మంత్రులు పరిశ్రమ ఎందుకు వేగం పెంచదని అడుగుతుంటారు. 1990లలో ఈ ఊళ్లో ఖాళీ అయిన ఇళ్లు చూసినవాళ్లకి రెండేళ్ల కాగితం ఆనదు.

పత్తిలెక్కలు అన్నా, ఇంకో విషయం, మీకు ఆసక్తి ఉంటుంది. గుండు ఎక్కువ చేయాలంటే ఇనుము దొరుకుతుంది. దొరకనిది దాన్ని గొట్టంలోంచి తోసే మందు. దానికి మూలం నైట్రోసెల్యులోజ్. దాన్ని దేంతో చేస్తారో తెలుసా? లింటర్‌తో. మీరు కట్టే బేళ్ల లాంటివే. కలప గుజ్జుతో కూడా చేస్తారు గానీ లింటర్‌ది పాత దారి. యూరప్‌కి ఆ లింటర్ చాలావరకు చైనా నుంచి వస్తుంది, అదే ఇప్పుడు అందరి బెంగ. నోబెల్ బాలిస్టైట్ అని పొగ రాని మందు కనిపెట్టింది కూడా నైట్రోసెల్యులోజ్‌లో నైట్రోగ్లిజరిన్ కలిపే. ఇంత పెద్ద విమానాలు, సబ్‌మెరైన్లు అని మాట్లాడుకుంటున్నాం గానీ, మా ప్లానింగ్ మీటింగులో ఎర్ర గడిలో ఉండేది పత్తి నూగు.

పత్తిలెక్కలు

చివరి పేరా రెండుసార్లు చదివాను. తర్వాత మా ఓనరుకి చదివి వినిపించాను. ఆయన వెంటనే, "అయితే రేటు పెంచొచ్చా?" అన్నాడు. ఆయన అంతే.

పాతఫిట్టర్ బాబాయ్ గారూ, మీరడిగిన లెక్క వేయబోయాను. మనిషి వెళ్లిపోతే ఆ ఖర్చు కొత్తవాడి శిక్షణ కింద ఒక అంకెలా కనిపిస్తుంది. మనిషి ఉండి పని మర్చిపోతే అది ఏ పద్దులోనూ రాదు, స్క్రాప్‌లో కొంచెం, ఆలస్యంలో కొంచెం, గేటు పాసుకి పదకొండు రోజుల్లో కొంచెం. కనిపించనిదే ఎక్కువ ఉంటుందని నా అనుభవం. మా మిల్లులో కూడా అంతే.

మేఘన గారి ప్రశ్న నన్ను కూడా పట్టుకుంది. మా లింటర్ బేళ్లు ఒక వ్యాపారి లారీ వేసుకొచ్చి తీసుకెళ్తాడు. ఇన్నేళ్లలో ఎక్కడికి వెళ్తాయని నేనెప్పుడూ అడగలేదు, ఇన్వాయిస్‌లో ఆయన పేరు ఉంటే చాలు కదా. నిన్న లోడింగ్‌కి వస్తే టీ ఇప్పించి అడిగాను. కొంత సర్జికల్ కాటన్‌కి, కొంత మంచి కాగితానికి అన్నాడు. మిగతాది అని అడిగితే, గ్లాసు కింద పెట్టి, "మిగతాది ఓడ ఎక్కుతుంది" అన్నాడు.

మా నాన్నకి మాత్రం బోఫోర్స్ ఇప్పుడు ఐదు దేశాల చేతిలో ఉందని చెప్పాను. చాలా సేపు సంతోషంగా ఉన్నాడు.